కాలసేతువునకు సుంకము

 మల్లంపల్లి సోమశేఖరశర్మగారి స్మృతికి అంకితమై ఏలూరునందు జరుగుచున్న సభ యిది. శర్మగారు 1891లో ఈ గోదావరి సీమయందే, మినమించిలిపాడు గ్రామమున జన్మించి, కొమఱ్ఱాజు లక్ష్మణరావుగారి ఆంధ్రవిజ్ఞానసర్వస్వ నిర్మాణమునకు తోడ్పడి, తరువాత ఆంధ్రవిశ్వకళాపరిషత్తున చరిత్రాధ్యాపకులై, 1963లో దివంగతులగువఱకు శాసనములతోడనే కాలము గడపిన విద్వాంసులు. రాళ్ళపైనను రాగిరేకులపైనను నిలిచిన అక్షరముల మీదుగా వెనుకటి శతాబ్దులలోనికి నడచిపోయి, అచ్చట చూచినదానిని మనకు తెచ్చి యొప్పగించిన వారిలో ఆయన అగ్రగణ్యులు. అట్టివారి పేరిట మాటలాడవలసి వచ్చినపుడు, మనుష్యుడు కాలమును దాటగోరిన కోరికను గూర్చియే మాటలాడుట యుచితమని తోచినది.

కాలముపై వంతెన యొకటి యున్నదనియు, దానిపై నడచినవాడు ఈ యొడ్డున నేటివాడై బయలుదేరి ఆ యొడ్డున నిన్నటివానినో రేపటివానినో కలిసికొనుననియు ఊహించుట ఏ యొక జాతికో పరిమితమైన కల్పన కాదు. అయితే ఆ వంతెనను ఎవరు ఎట్లు కట్టిరి, దానిపై నడచినవారు ఏమి పొందిరి అను కుతూహలముతోనే చాలమంది ఆగిపోయిరి. నేను అడుగదలచిన ప్రశ్న మఱియొకటి. ఆ వంతెనకు సుంకము కలదా? కలదేని దానిని చెల్లించువా డెవడు? మన పురాణములను, మన కావ్యములను, ఈ కొల్లేటి యొడ్డున పుట్టిన జనశ్రుతిని కలిపి చదివినపుడు నాకు దొరకిన సమాధానము ఒక్కటే. కాలమును దాటుటకు సుంకము తప్పదు. దానిని చెల్లించువారు దాటినవారు కారు, వారి సంతానము. ఈ మాటను నిరూపించుటయే నేటి నా ప్రయత్నము.

1895లో ఎచ్.జి. వెల్స్ అను ఆంగ్లరచయిత కాలయంత్రమును కల్పించెను. అతని కథానాయకుడు యంత్రమెక్కి 802701వ సంవత్సరమునకు పోయి, మానవజాతి రెండుగా చీలి ఒకటి యింకొకదానికి ఆహారమైన దృశ్యమును చూచి, తిరిగి తన యింటికి వచ్చి మిత్రులకు ఆ వృత్తాంతమంతయు చెప్పును. మఱల బయలుదేరి తిరిగి రాకపోవుట వేఱు సంగతి. మొదటి ప్రయాణమునకు మాత్రము అతడు పోగొట్టుకొన్నది లేదు. ఇల్లు ఇల్లుగానే యున్నది, మిత్రులు మిత్రులుగానే యున్నారు. యంత్రయుగమున పుట్టిన కల్పనకు అది సహజమే. యంత్రము తన యజమానిని బయలుదేరినచోటికే చేర్చవలెను గదా.

మన భాగవతమున నవమస్కంధమునందలి కకుద్మి కథ యట్టిది కాదు. రైవతుడని మఱియొక పేరు గల ఆ రాజు సముద్రమధ్యమున కుశస్థలియను నగరమున రాజ్యము చేసినవాడు. నూర్గురు సోదరులలో జ్యేష్ఠుడు. తన కుమార్తె రేవతికి తగిన వరు డెవడో తెలిసికొనగోరి, ఆమెను వెంటబెట్టుకొని బ్రహ్మలోకమునకు పోయెను. అప్పుడచ్చట గంధర్వగానము జరుగుచుండెను. పాట ముగియువఱకు క్షణకాలము నిలిచి, అవసరము చూచి తన విన్నపమును మనవి చేసికొనెను. బ్రహ్మ నవ్వి, రాజా, నీవు మనసున నుంచుకొన్న వరులు గతించినారు, వారి కొడుకులు, మనుమలు, గోత్రముల పేరులు సైతము నేడు వినబడవు, నీవు నిలిచిన ఈ క్షణములో భూమిపై ఇరువదియేడు చతుర్యుగములు గడచినవని చెప్పెను. కకుద్మి తిరిగి వచ్చి చూచునప్పటికి సోదరులు పుణ్యజనులను రాక్షసుల భయమున ఎప్పుడో చెదరిపోయిరి. నగరము తనది కాదు. బ్రహ్మ చెప్పినట్లు రేవతిని బలరామునకిచ్చి, తాను తపస్సునకై బదరికాశ్రమమునకు వెడలిపోయెను.

ఈ కథను మనము చిన్ననాటినుండి కాలగణనకు దృష్టాంతముగా మాత్రమే వినుచున్నాము. బ్రహ్మకు క్షణము మనకు యుగమని తెలిసికొని సంతృప్తి పడుచున్నాము. రేవతి వైపునుండి దీనిని చదివిన వారు అరుదు. ఆమె బ్రహ్మలోకమునకు పోవలెనని కోరలేదు. ఆమె సఖులు, ఆమె తల్లివైపువారు, ఆమె ఆడుకొన్న యిల్లు, ఆమె నేర్చిన వాడుక, అన్నియు ఒక పాట ముగియులోపల నశించినవి. మన పురాణకారులు ఈ సంగతి నెఱుగకపోలేదు. విష్ణుపురాణమునందు ఆమె పూర్వయుగపు ఉన్నతదేహముతో వచ్చినందున బలరాముడు నాగలితో ఆమెను తన కాలమునకు తగినంత పొట్టిగా చేసెనని చెప్పిరి. తండ్రి వంతెన దాటి, చూడవలసినది చూచి, అడవులకు పోయినాడు. క్రొత్త కాలమునకు సరిపోవునట్లు తన శరీరమును సైతము మార్చుకొని బ్రదుకవలసినది కూతురు. సుంకమును చెల్లించినది ఎవరో స్పష్టమే.

నేటి భౌతికశాస్త్రమునందును వంతెన యొకటి కలదు. 1935లో ఐన్‌స్టైన్, రోజెన్ అను ఇరువురు సాపేక్షసిద్ధాంతపు సమీకరణములలో విశ్వమునందలి రెండు తావులను కలుపు మార్గ మొకటి యుండవచ్చునని చూపగా, లోకము దానికి ఐన్‌స్టైన్–రోజెన్ వంతెనయని పేరు పెట్టినది. 1962లో ఫుల్లర్, వీలర్ అనువారు లెక్కించి, ఆ వంతెన తెఱచుకొన్న మఱుక్షణమే కాంతికిరణము సైతము దాటకముందే తెగిపోవునని తేల్చిరి. 1988లో మోరిస్, థార్న్ అనువారు దానిని తెఱచి నిలుపవలెనన్నచో శూన్యముకంటెను తక్కువ శక్తి గల పదార్థము కావలయునని చెప్పిరి. అట్టి పదార్థమును కావలసినంత సమకూర్చగలవా డెవడును నేటికి లేడు. ఇచ్చటను సుంకమున్నది, చెల్లించువాడు దొరకనందున వంతెన కాగితముమీదనే యున్నది.

తెలుగు కవులలో కాలమును మడత పెట్టినవాడు పింగళి సూరన. పదునారవ శతాబ్దపు ఆయన కళాపూర్ణోదయమునందు, బ్రహ్మ సరస్వతీదేవికి వినోదార్థము ఒక కథ చెప్పును. ఆ కథయందలి మనుష్యులు అప్పటికి పుట్టియుండలేదు. కథ ముందు, జననము తరువాత. మాట ముందు, మనిషి తరువాత. చెప్పబడిన కథ క్రమముగా భూలోకమున నిజమై, అందలి పాత్రలు తమ బ్రదుకును ఎవరో ఎప్పుడో పలికిన పలుకుల మేరకే గడపుదురు. ఇట్టి కల్పన ఆనాటి ప్రపంచసాహిత్యమున అరుదని విమర్శకులు ప్రశంసించిరి; ఆ ప్రశంస న్యాయమైనదే. నాకు మాత్రము అందులో కావ్యశిల్పమునకు మించిన గంభీరమైన సత్యము కనబడుచున్నది. నేటి పెద్దలు తమ వినోదమునకో విభవమునకో పలుకు మాట, రేపు పుట్టబోవువారికి విధిలిఖిత మగును. వారు దానిని ఎన్నుకొన్నవారు కారు.

ఇక మన సీమకు వత్తము. ఊహలోని ఆ వంతెనకు భూమిపై ప్రతిరూపము చూపుమని యెవరైన నన్నడిగినచో, ఏలూరికి ఉత్తరమున నున్న గుంటుపల్లి కొండలనుండి పెదవేగి దిబ్బలమీదుగా ఏలూరు దాటి, కొల్లేటి లంకలగుండ ఉప్పుటేరు వెంబడి సముద్రము చేరు త్రోవను చూపుదును. గుంటుపల్లియందు క్రీస్తుపూర్వమే బౌద్ధభిక్షువులు కొండను తొలిచి నివసించిరి. అచ్చటి గుండ్రని గుహాచైత్యములోనికి పోయి తలయెత్తి చూచినచో, రాతి కప్పునందు దూలములు, వాసములు కనబడును. అవి కఱ్ఱవి కావు. కఱ్ఱతో కట్టిన ఇంటికప్పును మఱువలేని శిల్పి ఆ రూపమును రాతియందే చెక్కినాడు. ఆ కఱ్ఱయిండ్లలో నేడు ఒక్కటియు మిగులలేదు. వాని కప్పు ఎట్లుండెనో చెప్పునది ఈ రాయి యొక్కటే.

అచ్చటినుండి దక్షిణముగా వచ్చినచో పెదవేగి. టాలమీ తన భూగోళమున సలకెనోయి యని పేర్కొన్న శాలంకాయనుల రాజధాని, సముద్రగుప్తుని ప్రయాగస్తంభశాసనమున వైంగేయకుడని చెప్పబడిన హస్తివర్మ యేలిన నగరము, తరువాత కుబ్జవిష్ణువర్ధనునితో మొదలైన తూర్పుచాళుక్యులకు ఆటపట్టు. రాజమహేంద్రవరమునకు సింహాసనము తరలిపోయిన పిమ్మట వేంగి పల్లెయై, దిబ్బయై, పొలమై నిలిచినది.

పెదవేగి దాటిన వెనుక పల్లమునకు దిగుదుము. కృష్ణా గోదావరులు రెండును యుగయుగములుగా తెచ్చిపోసిన ఒండ్రుమట్టి సముద్రమును వెనుకకు నెట్టగా, రెండు డెల్టాలకు నడుమ పూడక మిగిలిన పల్లమే కొల్లేరు. ఒకనాడు తీరమునకు చేరువనుండిన సరస్సు, నేల ముందుకు జరిగినకొలది లోపలికి చేరినది. బుడమేరు, తమ్మిలేరు మొదలగు ఏరులు దీనిలో పడును. ఉప్పుటేరు దీని నీటిని బంగాళాఖాతమునకు చేర్చును. రెండవ పులకేశి విజయములను కీర్తించుచు రవికీర్తి 634లో చెక్కించిన ఐహొళె శాసనమున, యుద్ధములో పడినవారి రక్తముతో ఎఱ్ఱవారిన కునాల జలము ప్రస్తావింపబడినది. ఆ జలము కొల్లేరేయని చరిత్రకారులు గుర్తించిరి. ప్రశస్తి వ్రాసిన కవికి ఆ యెఱుపు ఒక అలంకారము. చరిత్ర వ్రాయువానికి అది మనుష్యుల నెత్తురు. ఈ భేదమును మఱువకుండుటయే శర్మగారివంటి విద్వాంసుల గొప్పతనమని నా విశ్వాసము.

దండి దశకుమారచరిత్రయందలి మంత్రగుప్తుని కథయు ఈ నీటియొడ్డున జరిగినదే యని పెక్కురు పండితుల అభిప్రాయము. పెదవులు నొచ్చియుండుటచే ఓష్ఠ్యవర్ణము లొక్కటియు లేకుండ అతడు కథ చెప్పుట అందఱు నెఱిగిన చమత్కారము. కథావస్తువును గమనించినవారు తక్కువ. కళింగరాజును, అతని కుమార్తె కనకలేఖను చెఱబట్టి తెచ్చిన ఆంధ్రరాజు జయసింహునకు, మంత్రగుప్తుడు సన్న్యాసివేషమున కనబడి, సముద్రమువంటి ఈ సరస్సున మునిగి లేచినచో నీకు నూతనదేహము కలుగునని నమ్మించును. రాజు మునుగును. ముందుగనే గట్టులో సొరంగము త్రవ్వి దాగియున్న మంత్రగుప్తుడు నీటిలోపలనే అతనిని చంపి, తానే రాజై పైకి వచ్చును. నూతనదేహమును పొందగోరి కాలమునకు ఎదురీదిన రాజు నీటియడుగుననే మిగిలెను. ఇచ్చటను కథకు కారణము చెఱపట్టబడిన కూతురే యనుట గమనింపదగినది.

అయితే ఈ సీమ తన నోట తాను చెప్పుకొన్న కథ వేఱొకటి కలదు. కొల్లేటినడుమ కొల్లేటికోటయను లంకలో ఓఢ్రరాజు లాంగూల గజపతి కోట కట్టుకొనియుండెననియు, శత్రుసైన్యము యొడ్డున చిగురుకోటలో విడిసి, చుట్టును నీరున్నంతవఱకు కోటను పట్టుకొన సాధ్యము కాదని యెంచి, సరస్సులోని నీటిని సముద్రమునకు వెడలించుటకై కాలువ త్రవ్వించెననియు, అదియే నేటి ఉప్పుటేరనియు జనశ్రుతి. నీరు తీయుట మొదలగునంతట, కోటలోని ఒడ్డె సేనాని దేవతలను ప్రసన్నులను చేసికొనుటకై తన సొంత కుమార్తెను బలియిచ్చెను. ఆ కాలువకు పేరంటాలకనుమయను పేరు నిలిచినది.

దీనిని చారిత్రకసత్యముగా ఎవరును ఋజువు చేయలేరు. చేయవలసిన పనియు లేదు. ఇట్టి కథలు పుట్టుటకు కారణమైన అనుభవము మాత్రము సత్యము. త్రవ్వినవాడు శత్రువు, కాపాడుకొనదలచినవాడు తండ్రి, నడుమ చచ్చినది అడుగబడని బిడ్డ. కకుద్మి పుత్రిక సుంకము చెల్లించిన దూరము యుగములంతటిది. సేనాని పుత్రిక చెల్లించినది కాలువంతటిది. ఈ రెంటిని ప్రక్కప్రక్కన నుంచి చూచిన పిమ్మట, మన పూర్వులు కాలమును, నీటిని ఒకే ధర్మముతో చూచిరని తోచక మానదు. కొల్లేటికోటలో నేడు పెద్దింట్లమ్మకు పూజలు జరుగుచున్నవి. ఫాల్గుణమాసమున జాతర జరుగును. పూర్వము దోనెలపై చేరుకొన్న చోటికి ఇప్పుడు రోడ్డుమీదనే పోవుచున్నారు. దర్శనమునకు పోవు జనసమూహములో ఎందఱు ఆ కాలువ పేరు వెనుకనున్న బిడ్డను తలచుకొందురో తెలియదు గాని, పేరు మాత్రము ఆమెనే మోయుచున్నది.

శాసనపరిశోధకుని వంతెన వేఱువిధమైనది. దానిని కట్టు పద్ధతిని తెలిసికొనుట మంచిది. ముందు రాతిని కడిగి, అక్షరములలో పేరుకొన్న మట్టిని, నాచును శుభ్రము చేయుదురు. తరువాత నీట తడిపిన కాగితమును రాతిపై పఱచి, కుచ్చుతో మెల్లమెల్లగా మోదుచు అక్షరపు గుంటలలోనికి కాగితము దిగబడునట్లు చేయుదురు. తడి కొంత ఆరిన పిమ్మట, గుడ్డ చుట్టిన అద్దుడుతో మసిని పైపైన అద్దుదురు. మసి రాతి ఉపరితలమునకే అంటును, గుంటలో దిగిన అక్షరము తెల్లగా నిలుచును. నూఱేండ్లు, వేయేండ్లు ఎవరును చదువని మాట ఒక్కసారిగా కాగితముపై కనబడును. కాగితము చినిగినచో మఱల మొదటినుండి ఆరంభించుటయే. చాల సహనము, కన్ను, చేయి, భాష, అన్నియు కావలసిన పని యిది. కోరినంత దూరము ఒక్క గడియలో పోవు యంత్రము కాదు. జానెడు జానెడుగా ముందుకు పోవునది. అయినను ఈ వంతెనమీద పోయినవాడు ఆ యొడ్డునుండి ఏమియు దోచుకొని రాడు. అచ్చటివారికి హాని చేయడు. అచ్చట మూగయై యున్న మాటకు నోరిచ్చి వచ్చును. సుంకమును తన కన్నులతోను తన యేండ్లతోను తానే చెల్లించును. సుంకమును బిడ్డలకు వదలని వంతెనలు నే నెఱిగినంతలో అరుదు; ఇది యట్టిది.

1323లో ఓరుగల్లు పతనమైన పిమ్మట తెలుగుదేశము చీకటిలో పడెనని మాత్రమే మనకు తెలిసియుండెను. ఆ చీకటినుండి ముసునూరి ప్రోలయనాయకుడు, కాపయనాయకుడు దేశమును విడిపించిన కథను శర్మగారు ఎ ఫర్‌గాటెన్ చాప్టర్ ఆఫ్ ఆంధ్ర హిస్టరీ యను గ్రంథమున వెలికి తీసిరి. నేలటూరి వెంకటరమణయ్యగారితో కలిసి ఆయన పరిష్కరించి ప్రకటించిన విలసశాసనము, పరాజితులైన ప్రజలు పడిన బాధలను చెప్పును. రాజు గెలిచిన సంగతిని ఏ శాసనమైనను చెప్పును. రైతు పంట పోయిన సంగతిని చెప్పు శాసనములు తక్కువ. మఱచిపోయిన అధ్యాయమని శర్మగారు పేరు పెట్టుటయందు వేదన కలదు. మఱచిపోయిన దెవరు? మనమే. ఎవరి సుంకముతో మన మీ యొడ్డునకు చేరితిమో వారిని మనమే మఱచితిమి.

సుంకమును బిడ్డలకు వదలని వంతెన మఱియొకటి కలదని చూపుటకు పందొమ్మిదవ శతాబ్దపు సంగతి కొంత చెప్పవలెను. 1832–33 నాటి నందనకరువులో ఈ తీరమంతయు శ్మశానప్రాయమైన పిమ్మట, ఆర్థర్ కాటన్ పూనికతో 1852 నాటికి ధవళేశ్వరమున గోదావరికి, తరువాత 1855 నాటికి బెజవాడయొద్ద కృష్ణకు ఆనకట్టలు పూర్తియైనవి. ధవళేశ్వరమునుండి వచ్చిన కాలువయు, బెజవాడనుండి వచ్చిన కాలువయు కలియుటచే రెండు మహానదుల నీరు ఏలూరునందు ఏకమైనది; పడవలు కాకినాడవైపునుండి చెన్నపట్టణమువఱకు నీటిమీదనే పోగలిగినవి. ఆనాటి పాలకులకు తమ లెక్కలు తమకున్నవి, శిస్తు పెరిగినది. అయినను ఆ కాలువ నీటితో మూడు నాలుగు తరములు అన్నము తిన్నవి. దాటినవారికంటె వెనుకవచ్చినవారికే మేలు ఎక్కువగా చేసిన వంతెనలును లోకమున నుండవచ్చునని చూపుటకు దీనిని చెప్పితిని.  

కొల్లేటి సంగతి అట్లు కాదు. సముద్రమట్టమునకు పదియడుగుల ఎత్తున నీరు నిలిచినపుడు సుమారు 901 చదరపు కిలోమీటర్లు పఱచుకొను సరస్సిది; ఐదడుగుల మట్టమున 308 చదరపు కిలోమీటర్లు. తాటిదోనెలపై తిరుగుచు, వెదురు మావులు పెట్టి కొరమేను, వాలుగ, జెల్ల, మట్టగుడిసలను పట్టుకొని బ్రదికిన వడ్డీలను మత్స్యకారుల యూళ్ళు దీని లంకలయందున్నవి. నీరు పెరిగినపుడు పంట మునుగును, నీరు తగ్గినపుడు నేల మొలచును. ఈ రెంటి నడుమ వారి పంచాంగము నడచినది. అక్కినేని కుటుంబరావుగారి కొల్లేటి జాడలు అను నవల ఆ జీవితమును నేటి పాఠకునకు చూపుచున్నది.

1970 తరువాత సహకారసంఘముల పేరిట లంకవారికి చేపలచెఱువులు వచ్చినవి. పేదవానికి నికరాదాయము కలిగింపవలెనను ఉద్దేశము మంచిదే. దానిని నేను తప్పు పట్టను. కాని కొలదికాలములోనే చెఱువుకు ప్రక్కన చెఱువు, గట్టుకు ప్రక్కన గట్టు లేచి, పెట్టుబడి గలవారు లీజులకు దిగి, చెఱువు యజమాని పేరున నున్న వడ్డీవాడు తన చెఱువు గట్టుమీదనే కూలివాడైనాడు. నీరు పాఱు దారులు మూతపడినవి. ఏలూరు, విజయవాడల మురికి, డెల్టా పొలముల ఎరువుల మందుల నీరు వచ్చి చేరినవి. గుఱ్ఱపుడెక్క మేటలు వేసినది. ఉప్పుటేరు నోరు పూడినది. 1999లో సరస్సును ఐదడుగుల మట్టమువఱకు అభయారణ్యముగా ప్రకటించిరి. 2002లో రాంసార్ ఒడంబడికక్రింద అంతర్జాతీయ ప్రాముఖ్యము గల చిత్తడినేలగా గుర్తించిరి. 2006 నాటికి అభయారణ్యములోని చెఱువుల గట్లను పగులగొట్టించిరి. గట్టు పోయిన పేదవానికి బ్రదుకుతెరువు చూపుట మాత్రము గట్టు కొట్టినంత త్వరగా జరుగలేదు. ఆ వెనుక గట్లు మఱల లేచినవి. ఇది అందఱు నెఱిగిన సంగతి.

మనము చేసినదేమి? భవిష్యత్తులోనికి త్వరగా నడచుటకు వంతెన కట్టితిమి. రాబోవు నూఱేండ్ల మత్స్యసంపదను, నీటిని, నేలను ముందుగనే తెచ్చుకొని ఒక తరములో అనుభవించితిమి. కాలమును దాటుటయనగా ఇంతకంటె వేఱేమున్నది? కకుద్మి పాట వినుచు నిలిచినట్లు, మనము చేపల లారీలు కలకత్తాకు పోవుచుండగా చూచుచు నిలిచితిమి. తిరిగి చూచునప్పటికి మన సరస్సు మనది కాకపోవు దినము దూరమున లేదు.

పక్షులు ఈ లెక్కను మనకంటె ముందే చూపినవి. 1946లో కె.కె. నీలకంఠన్ అను ప్రకృతిశాస్త్రజ్ఞుడు ఈ సీమలోని ఆరేడు అను గ్రామమున, ఊరి చెట్లమీదనే గూడబాతులు గూళ్ళు కట్టుకొని పిల్లలను పెంచుచుండుటను కనుగొని లోకమునకు తెలిపెను. ఆ గ్రామస్థులు వానికి హాని చేయలేదు. పక్షులు మనుష్యులను చూచి బెదరలేదు. తరువాతి దశాబ్దములలో అచ్చటి గూళ్ళు లేకపోయినవి. నేడు కైకలూరుకు చేరువ ఆటపాకయందు అటవీశాఖవారు నీటినడుమ ఇనుపచట్టములు నిలిపినారు. వానిపై గూడబాతులు పుల్లలు పేర్చుకొని గ్రుడ్లు పెట్టుచున్నవి. ఈ ఏర్పాటును చేసినవారిని నేను అభినందింతును. వారి శ్రమచేతనే అవి మన కంటికి కనబడుచున్నవి. అయినను చెట్టునుండి ఇనుమునకు జరిగిన ఈ ప్రయాణములో, నాగలిచే తన యెత్తును తగ్గించుకొన్న రేవతియే నాకు గుర్తునకు వచ్చుచున్నది. క్రొత్త కాలమునకు సరిపోవునట్లు మారవలసిన భారము ఈ సారియు దాటనివారిమీదనే పడినది.

1991లో సింగీతము శ్రీనివాసరావుగారు ఆదిత్య 369 అను చలనచిత్రమున తెలుగువారికి కాలయంత్రమును చూపిరి. అందులో 1526 నాటి కృష్ణదేవరాయల సభ వైభవోపేతము. ఆ సభను తలచుకొనని ప్రేక్షకుడు లేడు. 2504వ సంవత్సరపు భాగమును తలచుకొనువారు తక్కువ. అణుయుద్ధముచే నేల విషమై, మనుష్యులు భూగర్భమున నివసించుచుండుటను ఆ చిత్రము చూపినది. గతమునకు వేయు వంతెనపై మనము ఆనందముగా నడచెదము; భవిష్యత్తునకు వేయు వంతెనయొద్ద కనులు మూసికొనెదము. మన సభలు, మన ఉత్సవములు, మన విగ్రహప్రతిష్ఠలు అన్నియు మొదటి వంతెన మీదివే.

రెండవ వంతెనను గూర్చి ఈ సభవారికి నేను చేయు మనవి స్పష్టమైనది. కొల్లేటిని కనీసము ఐదడుగుల మట్టమువఱకైనను నీటికి విడిచిపెట్టవలెనని కోరుడు. ఉప్పుటేరు నోరు ఏటేట తీయింపవలెనని అడుగుడు. మురికిని శుద్ధి చేయకుండ తమ్మిలేటిలోనికి, బుడమేటిలోనికి వదలరాదని మీ పురపాలకసంఘములను నిలదీయుడు. గట్టు కొట్టినచోట లంకవాని కూటిని ముందు చూచి, గట్టు సంగతి తరువాత చూడవలెనని పాలకులకు చెప్పుడు. అతని ఆకలిమీద నిలిచిన పక్షిరక్షణ నిలువదు. ఉపాధ్యాయులైనవారు పిల్లలను ఒక్క దినము ఉదయము పెదవేగి దిబ్బలకు, మధ్యాహ్నము కొల్లేటికోటకు తీసికొనిపోయి, ఆ కాలువ పేరున నున్న బిడ్డ కథ చెప్పుడు. మీ యింటనో, మీ పొలమునో రాగిరేకు గాని, చెక్కిన రాయి గాని దొరకినచో కరిగింపకుడు, గోడలో పేర్చకుడు, చదువగలవారియొద్దకు చేర్చుడు. ఇంతకు మించి శర్మగారికి మనము చేయదగిన స్మారకము లేదు.